లేని వేళ్ళు

ఆ బెంచీ మీద కూర్చోవద్దు హనుమంతప్పన్నా. నిలబడే మాట్లాడు. బెంచీ తినేటోళ్ళ కోసం ఏసింది. నువ్వు నా అంగట్లో బొరుగుల ఉగ్గాని తిని ఎన్నాళ్ళాయె? నువ్వు తినకపోతే మానె, తినే నలుగుర్నీ రాకుండా చేస్తివి. ఇప్పుడొచ్చి టవల్తో బెంచీ దులుపుకుంటాండావే.

తిట్టడం లేదులే.

కాదు, తిడతాండా. నీతో అబద్ధం ఎందుకు చెప్పల్ల? ఈ ఊర్లో అబద్ధాలు చెప్పేదానికి ఫోన్లు ఉండాయి, మద్దెలో నేనెందుకు?

ఏమంటివి, మల్ల చెప్పు. 'మారెక్కా, గుడి కాడికొచ్చి ఒక్క మాట చెప్పు' అంటివా? నేనా? బాగుండాదప్పా. ఊరంతా ఉండగా, బజ్జీలు కాల్చుకునేదాని మాట కావాల్సొచ్చిందా నీకు?

నువ్వు ఎవురివన్నా? ఈ ఊరి పెద్దమనిషివి. ఆంజనేయసామి గుడి తాళం మీ నాయన కాలం నుంచి మీ ఇంట్లోనే ఉండె. గొర్రె పోయినా, గట్టు జరిగినా, ఒగరి మీద ఒగరు నింద ఏసుకున్నా, అందరూ నీ ఇంటి ముందరికే వస్తాండిరి. నువ్వు ప్రమాణం పెట్టిస్తాంటివి. నింద పడినోడు తలమింద బిందెడు నీళ్ళు పోసుకొని, తడిబట్టల్తో సామి ముందర నిలబడి, 'ఈ పని నేను చేయలేదు' అని ఎలిగే కర్పూరాన్ని అరచేత్తో ఆర్పల్ల. ఆర్పినాడా, ఆడికి తగువు తీరిపోయినట్టే. ఇంగ ఎవురూ దాని గురించి నోరెత్తకూడదు. ఎత్తినారంటే నువ్వే గదిమేటోడివి. 'సామి ఒప్పుకున్యాడు, నువ్వెవడివిరా' అని.

అట్లాంటోడివి ఇప్పుడు నా ముందర నిలబడి సాక్ష్యం అడుక్కుంటాండావు.

అడుక్కుంటాండావు అంటే రోషమొచ్చిందా? రానీ. నాకు రాలేదా?

చూసినాలే నీ వీడియో. చూడకుండా ఎట్లుంటాం, పొద్దున్నే పాలపాకెట్టుకు ముందర అదే వస్తాండె. బత్తలపల్లె రోడ్డులో డాబా. నువ్వు మంచం మీద కూర్చోనుండావు, పక్కన ఎవడో తెల్లచొక్కా ఏసుకున్న బ్రోకరు. బయట వాన కొడతాండాది. 'సామి మాన్యం నా చేతిలో ఉండాది, సోలారోళ్ళకు రాసిచ్చేస్తా, ఊరోళ్ళకు చెప్పేదేముంది, వాళ్ళు గొర్రెలు' అంటాండావు. గొంతు నీదే. ఆ దగ్గు నీదే. మాట చివర 'ఏమప్పా' అనేది నీదే. తల ఎగరేసేది కూడా నీదే.

మొదుట నేను కూడా నమ్మినా. ఆ, నమ్మినా. 'చేసుంటాడు, వీడు చేసేటోడే' అనుకున్యా. నీ మీద నాకుండే కోపం అట్లాంటిది.

మల్ల ఆ వాన చూసినా.

ఊరోళ్ళంతా ఏమన్యారు? 'ఈ ఏడు మనకు పడిందే ఒగ వాన. శనివారం సాయంత్రం. వీడియోలో వాన ఉండాది, అంటే అది శనివారం సాయంత్రమే. ఆ పొద్దు హనుమంతప్ప యాడుండాడు? ఊర్లో ఎవురైనా చూసినారా?' అని లెక్క తీసినారు. చూసినోళ్ళు యాడుంటారన్నా? వాన పడితే మనోళ్ళు ఇండ్లల్లో ఉంటారా? ముసలోళ్ళతో సహా అందరూ చేలకు ఉరికిరి, పదును ఎంత లోతు దిగిందో మట్టి తవ్వి చూసుకోనీకి. ఈదిలో కుక్క కూడా లేదు.

నువ్వు యాడుండావో నాకొకదానికే తెలుసు.

నా ఇంటి ముందర రేకుల కింద ఉండావు. బండి ఆ యాపచెట్టు కింద పెట్టి, చెప్పులు చేతిలో పట్టుకొని, గోడకు ఆనుకొని నిలబడినావు. వాన మొదులైనప్పుట్నుంచి పూర్తిగా వెలిసిందాకా. తలుపు సందులో నుంచి చూస్తాంటి నేను. లోపలికి రమ్మనలేదు. ఒగ గ్లాసు టీ కూడా ఇయ్యలేదు. తలుపు గడియ పెట్టుకున్యా, నీకు ఇనపడాలనే గట్టిగా పెట్టినా.

ఇంగోటి చెప్పనా? ఆ చినుకులకు నువ్వు ఆగేటోడివేనా? దుమ్ము అణగనీకి కూడా సాల్లేదు ఆ వాన. సినుకు సినుకుకు మద్దెలో పొడిగా బయటికి పోవచ్చు. నువ్వు వాన కోసం నిలబడలేదు. ఏదో చెప్పల్లనే వచ్చినావు. రెండు తూర్లు తలుపు మింద చెయ్యి పెట్టి మల్ల తీసేసినావు. చెప్పలేక పోయినావు.

అవునా కాదా?

సరే, తల దించుకో. దించుకుంటే నేను మరిచిపోతానా?

వీడియోలో వాన చూసినావు గదా నువ్వు కూడా. కుంభవృష్టి. డాబా చూరు నుంచి ధారలు కారతాండాయి, రోడ్డు కాలవ అయిపోయిండాది. మనకు అట్లాంటి వాన ఎప్పుడు పడిందన్నా? మన పిల్లోళ్ళు పుట్టినాంక పడిందా? బత్తలపల్లెలో పడిందా? ఆ పొద్దు బత్తలపల్లె నుంచి వచ్చిన బస్సు దుమ్ము కొట్టుకోనే వచ్చిండాది. ఊరు ఊరంతా ఆ వాన చూసినారు, ఒగడు కూడా 'ఇది మన వాన కాదు' అనలేదు. కండ్లు పెద్దవి చేసుకొని చూసినారు. కొంతమంది వాన కోసమే మల్లమల్ల చూసినారేమో, నాకు తెల్దు.

ఆ వాన చూసినాంక తెలిసిపోయింది నాకు, అది ఎవురో చేసిందని. నువ్వు రేకుల కిందుండావని తలుపు సందులో చూసినదాన్ని గదా. ఉండీ కొంచేపు నమ్మినా. అట్లుంటాది ఆ ఫోను.

దీనికి ముందొచ్చిన వీరేష్ వీడియో కూడా ఎవురో చేసిందే.

ఎందుకు ఉలిక్కిపడతావు? వాని పేరు నా అంగట్లో ఎత్తకూడదా? వాడు నా కొడుకన్నా. నీ ఊరు వదిలిపెట్టి పోయినాడు గానీ నా కొడుకు కాకుండా పోలేదు.

మీ అన్న కొడుకు గంగాధర్ చీనీ తోట నరికేసినారని తెలిసినప్పుడు ఊర్లో అందరికంటే ముందు ఏడ్చింది నేను. నిజం చెప్తాండా. బోరు ఎండిపోతే ట్యాంకర్లతో నీళ్ళు తోలి బతికించిన చెట్లు అవి, కాపుకొచ్చే యాళకు నడుము కాడికి నరికి పడేసుండారు. బత్తాయి కాయలు ఇంగా పచ్చిగా ఉండె. పసిబిడ్డల్ని పడుకోబెట్టినట్టు వరస్లుగా పడుండె చెట్లు. ఆ పొద్దు నేను పొయ్యి కూడా ఎలిగించలేదు.

రెండో పొద్దుకు ఆ వీడియో వచ్చె. మన ఊరి గ్రూపులో. ఎవురేసినారో తెల్దు, ఏదో కొత్త నెంబరు. నెలవెలుతురు, చీనీ చెట్లు, నా వీరేషు లుంగీ ఎగ్గట్టుకొని గొడ్డలితో ఏట్లేస్తాండాడు. నరికి నరికి ఇట్ల తిరిగి నవ్వుతాడు. వాని నవ్వే అది. పెండ్లిళ్ళలో తీసిన ఫోటోల్లో ఉంటాదే, ఆ నవ్వే. శింగనమలలో ఫోన్లు బాగుచేసే శశి ఉండాది గదా, ఆ పాప చెప్పె నాకు తర్వాత. 'ఫోటో ఒగటి ఇస్తే సాలు పెద్దమ్మా, మనిషిని నడిపిస్తాది, నరికిస్తాది, ఏమైనా చేపిస్తాది' అని. అదంతా నాకు ఆ పొద్దు తెల్దు. కానీ నాకు తెలియాల్సిన పని లేదు. నేను ముఖం చూడలేదు. చెయ్యి చూసినా.

తల్లి కదన్నా. బిడ్డకు దెబ్బ తగిలిన సోటు మిందనే పోతాది కన్ను.

గొడ్డలి పట్టుకున్న కుడి చెయ్యి. అయిదు వేళ్ళూ ఉండాయి. సక్కగా, గట్టిగా, కట్టె సుట్టూ మెలేసుకోనుండాయి.

వీరేష్‌కు ఆ చేతికి చిటికెన వేలు, దాని పక్క వేలు లేవు. ఎవురికి తెల్దు ఈ ఊర్లో? నీకు తెల్దా? నీ కళ్ళంలో గదా పోయినాయి అవి. నీ చెనిక్కాయలు కొట్టే మిషన్లో. బెల్టు జారితే సర్దనీకి పోయినాడు. నీ టవలు చించి గదన్నా సుట్టినావు. ఈ భుజం మింద ఉండాదే, ఇట్లాంటి పచ్చ టవలే. నీ బండి మింద ముందర కూర్చోబెట్టుకొని అనంతపురం పెద్దాస్పత్రికి తోలకపోయినావు. దోవ పొడుగునా 'ఏం కాదురా వీరేషా, ఏం కాదు' అంటానే ఉంటివంట. వాడే చెప్పినాడు నాకు. 'నాయన కూడా అట్ల పట్టుకోలేదమ్మా నన్ను' అన్యాడు. ఆ పొద్దు నుంచి నిన్ను దేముని మాదిరి చూస్తాండె వాడు.

అందుకే వీడియో వచ్చినప్పుడు ముందర నీ కాడికే వచ్చినాడు. పోలీసుల కాడికి కాదు. 'పెద్దాయనా, తలమింద నీళ్ళు పోసుకొనే వచ్చినా, కర్పూరం ఎలిగించు, ఆర్పుతా' అన్యాడు. నేను ఎనకాలే ఉంటి. ఊరంతా ఉండె. జుట్టులో నుంచి నీళ్ళు కారతాండాయి వానికి.

నువ్వు ఏమన్యావు?

చెప్పు, నీ నోటితో చెప్పు. నువ్వు చెప్పవు, నేనే చెప్తా.

'కండ్లతో చూసినాంక కర్పూరం ఎందుకురా?'

అదే మాట. అంతే. మీ తాతల నాటి నుంచి వస్తాండే ప్రమాణాన్ని ఒగ మాటతో తీసి పక్కన పెట్టినావు. దొంగల చేత ఆర్పించినావు, తాగుబోతుల చేత ఆర్పించినావు, గట్టు జరిపినోళ్ళ చేత కూడా ఆర్పించినావు. నా కొడుకొకడే దానికి పనికి రాకుండా పోయినాడు.

నేను అరిచినా. 'చెయ్యి చూడండి, వీడియో చూడండి, వేళ్ళు లెక్కపెట్టండి' అని. ఆస్పత్రి నర్సమ్మ కృపాకుమారి ముందరికొచ్చి చెప్పలేదా? 'ఆ చేతికి కట్టు మార్చింది నేను, ఆ వేళ్ళు లేవు, ఈ వీడియో తప్పు' అని? ఆయమ్మను ఏమన్యారు మనోళ్ళు? 'చర్చికి పోయేదానివి, సామి ప్రమాణం సంగతి నీకెందుకు, సూదులేసుకో పో' అన్యారు. నువ్వు ఆడే ఉండావు. ఒగ మాట అనలేదు.

నా పక్క చూసి ఏమన్యావు? 'ఫోన్లో అంత సక్కగా కనపడదులే మారెక్కా.'

కనపడదా? నవ్వు కనపడింది, ముఖం కనపడింది, లుంగీ అంచు కూడా కనపడింది. చెయ్యి మాత్రం కనపడలేదా నీకు?

నీకు కనపడింది. నాకు తెలుసు కనపడిందని. నీ కన్ను ఆడికి పోయి మల్ల యిట్లొచ్చింది. అప్పుడే పోయింది నీ మింద నాకుండే గౌరవం.

గంగాధర్ మీ అన్న కొడుకు. వాని చెట్లు పోయినాయి, ఎవురో ఒకడు దొరకల్ల. వీరేషు అప్పుడే వాని ట్రాక్టర్ తోలనని నలుగుర్లో ముఖం మిందే చెప్పి మానేసినాడు. సరిపోయింది. సాక్ష్యం ఏ ఆకాశం నుంచి పడినా మీకు సరిపోయేది.

స్టేషన్లో ఎస్సై కూడా పిలిపించినాడు. వాడు కొత్తోడు, మన ఊరోడు కాదు. వీరేషు చెయ్యి పట్టుకొని వీడియోలో చెయ్యి చూసి, 'పోరా, ఇంటికి పో' అన్యాడు. ముక్కూ ముఖం తెలియనోడు చూసినాడన్నా చేతిని. టవలు సుట్టినోడివి నువ్వు చూడలేదు.

వీడియో చేసినోడెవడో ఈ పొద్దు దాకా తెల్దు. వాని మింద నాకు అంత కోపం కూడా లేదు. వాడు నా ఇంట్లో ఎన్నడూ అన్నం తినలేదు. నమ్మినోళ్ళు తిన్యారు. నా చేతి ఉగ్గాని తిని, నా బిడ్డను ఎత్తుకొని తిరిగినోళ్ళు నమ్మినారు.

తర్వాత ఏమాయె నీకు తెలుసు. నా అంగడికి రావడం మానిరి. ఈ బెంచీ చెదలు పట్టె. మా ఇంటాయప్ప తెల్లారకముందే మేకల్ని గుట్టకు తోలుకపోయి, చీకటి పడినాంక వస్తాండాడు, ఎవురి ముఖం చూడకూడదని. వీరేషు బెంగళూరు పాయె. ఏదో పెద్ద అపార్ట్‌మెంట్ గేటు కాడ సెక్యూరిటీ. కార్లు వచ్చినప్పుడల్లా సలాం కొట్టల్లంట. ఆ చెయ్యే ఎత్తల్లంట గదా సలాముకు. 'మొదుట్లో సిగ్గయ్యేదమ్మా, ఇప్పుడు ఎవురూ చూడరులే' అంటాడు. చేతిని ఎవురూ చూడరంట ఆడ కూడా.

అప్పుడు నువ్వు ఒగ మాట అన్యావు చూడు, 'కండ్లతో చూసినాంక' అని, దాంతో ఈ ఊర్లో ఇంగేమీ నిలబడలేదన్నా. నా ఒక్కదాని బాధ కాదు చెప్తాండేది. మొన్న చెరువు కట్ట కాడ కూలోళ్ళ ఆటో బోల్తా పడింది. లోపల ఎవురో అరుస్తా వీడియో తీసి గ్రూపులో ఏసినారు, 'రండి రండి' అని. ఏమన్యారు మనోళ్ళు? 'ఇది కూడా చేసిందేలే, వీరేష్‌ది మాదిరి' అని నవ్వుకున్యారు. అప్పుడు మాత్రం వీరేష్‌ది చేసిందే అయిపోయింది! ఒగడు కూడా బండి తీయలేదు. మన ఈశ్వరి ఆటో కింద కాలు పడి ఎంతసేపు అరిచిండాదో. శింగనమల నుంచి వచ్చే బస్సోళ్ళు చూసి లేపినారు. ఇప్పుడు కర్ర పట్టుకొని నడుస్తాండాది.

అబద్ధాన్ని నమ్మినారు, నిజాన్ని నమ్మలేదు. ఏది చూసి ఏది నమ్మల్లనో ఎవురికీ తెలియకుండా పోయిండాది. ముందు కనీసం ఆ కర్పూరం ఉండె. అది పట్టుకొని నిలబడేటోళ్ళం. దాన్ని కూడా నువ్వే ఆర్పేస్తివి.

నీ వంతు రావల్సిందే గదా మల్ల.

ఇన్నాలే అంతా. నువ్వు కూడా తలమింద నీళ్ళు పోసుకొని గుడికి పోయినావంట. 'కర్పూరం ఆర్పుతా, మాన్యం గురించి నేనెవురితోనూ మాట్లాడలేదు' అన్యావంట. గంగాధర్ నీ చేతిలో నుంచి గుడి తాళం తీసుకొని ఏమన్యాడంట? 'కండ్లతో చూసినాంక కర్పూరం ఎందుకు చిన్నాయనా?' అని. నవ్వుతా అనలేదంట, గౌరవంగానే అన్యాడంట. నీ మాట నీకే మర్యాదగా అప్పగించినాడు పిల్లోడు.

నవ్వినా నేను. ఇన్నప్పుడు ఈ పొయ్యి కాడ కూర్చొని నవ్వినా. మల్ల ఎందుకో ఏడుపొచ్చె.

మీ ఇంట్లో వదిన కూడా అడిగిందంట గదా? 'నిజం చెప్పు, పోయినావా లేదా' అని. ఇన్నేండ్లు కాపురం చేసిన మనిషి. ఎట్లుండె నీకు? నేను ఎగతాళికి అడగడం లేదు. నాకు తెలుసు ఎట్లుంటాదో. మా ఇంటాయప్ప కూడా అడిగినాడు వీరేష్‌ను. ఒగసారే అడిగినాడు. వాడు చెయ్యి చూపించినాడు. ఆయప్ప ఆ పొద్దు నుంచి ఎవురితోనూ మాట్లాడడం లేదు, అడిగినందుకు.

సరే, ఇప్పుడు నీకేం కావల్ల? నేను గుడి కాడికొచ్చి, తడిబట్టల్తో నిలబడి, 'శనివారం వానలో హనుమంతప్ప నా రేకుల కింద ఉండాడు, బత్తలపల్లెకు పోలేదు' అని చెప్పల్ల. అంతే గదా?

'నీ మాట నమ్ముతారు మారెక్కా' అంటాండావు. నీతో ఏ నిష్ఠూరం లేనోళ్ళ మాట కంటే, నీ మింద పగుండే నా మాటకే బలమంటావు. తెలివైనోడివే. ఈ ఊర్లో నీ కోసం అబద్ధం చెప్పదని అందరికీ తెలిసిన మనిషిని ఎంచుకొని వచ్చినావు. నిజమే, నేను నీ కోసం అబద్ధం చెప్పను. కానీ నీ కోసం నిజం చెప్పల్లని యాడుండాది?

చెప్పినా ఎవురు నమ్ముతారప్పా? 'మారెక్కకు ఏమిచ్చినాడో' అంటారు. 'కొడుకును ఊర్లోకి రానిస్తానని ఆశ పెట్టినాడు' అంటారు. ఈ మాట నేను పుట్టిస్తాండానని అనుకోవద్దు, పొద్దున పాలాయప్ప అప్పుడే అన్యాడు, నువ్వు ఈ పక్కకు వస్తాండావని తెలిసి.

ఏమి? ఏం చూపించమంటాండావు?

ఆ వీడియోనా. వీరేష్‌దా.

ఉండాది. చూస్తావా? ఇన్నాళ్ళకు అడిగినావు. పో, ఆ బెంచీ మింద కూర్చో, నన్ను చెయ్యి తుడుచుకోనీ. నూనె చేతుల్తో నొక్కితే రాదు ఇది. ఇదో.

ఆడ ఆపు. ఆ, ఆడనే. ముఖం వద్దు, కింద చూడు. పెద్దగా చేసి చూడు, రెండు వేళ్ళతో ఇట్ల లాగితే పెద్దగైతాది. లెక్కపెట్టు. నోటితో లెక్కపెట్టు, నాకు ఇనపడల్ల.

అయిదా?

అయిదే.

కండ్లు తుడుచుకోవద్దు నా ముందర. నీ ఏడుపు చూసే ఓపిక లేదు నాకు. ఆ పొద్దు నా బిడ్డ జుట్టులో నుంచి నీళ్ళు కారతాంటే నువ్వు గుడి గోపురం చూస్తాంటివి.

ఫోను ఇట్లియ్యి. చాలు.

ఏమి, ఇంగా ఎందుకు పెట్టుకున్యావంటావా దీన్ని? పాపిష్టిది, తీసేయొచ్చు గదా అంటావా?

వీరేషు కూడా అదే చెప్పినాడు. 'తీసేయమ్మా, నా మాదిరి ఉండాది కానీ నేను కాదు' అని. తీసేసినా అని చెప్పినా వానికి. అబద్ధం చెప్పినా.

చెప్తా ఇను. ఎవురికీ చెప్పలేదు, నీకే చెప్తాండా, నీకు చెప్తే సిగ్గుపడే పని లేదు కాబట్టి.

అంగడి కట్టేసినాంక, ఇంట్లో ఎవురూ లేనప్పుడు, ఈ ఫోను తీసి చూస్తా. గొడ్డలి చూడను. చెట్లు చూడను. ఆ చెయ్యి కాడ ఆపి పెద్దగా చేసుకొని చూస్తా. బాగుండాదన్నా ఆ చెయ్యి. నున్నగా ఉండాది. మిషన్లో పడకముందు ఎట్లుండెనో అట్లే ఉండాది. దాన్ని ఇట్ల బొటనవేలుతో తడుముతా, ఫోను గాజు మిందనే. నా బిడ్డను ఊర్లో నుంచి ఎల్లగొట్టిన వీడియో ఇది. వాని చెయ్యి నాకు మల్ల చూపించింది కూడా ఇదే. ఇంగ యాడా లేదు ఆ చెయ్యి. పాత ఫోటోల్లో యాడా చెయ్యి పడలేదు, అన్నీ ముఖాలే.

అబద్ధమని తెలుసు. తెలిసే చూస్తాండా. ఊరోళ్ళను తిడతాండా గానీ, నేనేం తక్కువ? వాళ్ళకు దొంగ కావల్సొచ్చె, దొరికె. నాకు వేళ్ళు కావల్సొచ్చె, దొరికె.

లెయ్యి. మద్దేనమైతాండాది. ఆకలైతే బొరుగులు నానబెట్టిండా, పొట్లం కట్టిస్తా, ఇంటికి పోయి తిను, ఈడ వద్దు.

వస్తా గుడికి. ఎందుకు ఆశ్చర్యపోతావు? నేను చూసిందాన్ని చూడలేదని చెప్పే రకం కాదు. అది నీ పని.

కానీ ముందర నువ్వు. నేను తడిబట్టల్తో నిలబడకముందే, నువ్వు అందరి ముందర, గంగాధర్ ముందర, మైకులో చెప్పల్ల. 'వీరేష్‌కు వేళ్ళు లేవు. నా కళ్ళంలోనే పోయినాయి. నా టవల్తోనే సుట్టినా. వీడియోలో అయిదుండాయని ఆ పొద్దే చూసినా. చూసి కూడా చూడలేదని అన్యా.' ఇంత చెప్పు. ఒగ ముక్క తక్కువ కాకూడదు. వాన్ని నేను ఫోన్లో పెట్టుకుంటా, ఇనపడల్ల వానికి.

తల ఊపుతాండావు. ఊపితే సాలదు. గంగాధర్ ఏమనుకుంటాడో అని ఆలోచిస్తాండావు గదా? ఆలోచించుకో. రేపు పొద్దున దాకా ఆలోచించుకో.

చెప్తివా, నేనొస్తా.

చెప్పకపోతివా, ఆ శనివారం నా రేకుల కింద ఎవురూ నిలబడలేదు.